గ్రేడ్ పెరగని కాన్సెంట్రేట్: పైరోటైట్ లెక్కలో దాక్కున్న క్యూబనైట్

రాగి కాన్సెంట్రేట్ (ముడిఖనిజం నుంచి వేరు చేసిన, రాగి ఎక్కువున్న పొడి) గ్రేడ్, అంటే అందులోని రాగి శాతం, ఒకచోట ఆగిపోయి ఎంతకీ పైకి రాకపోతే, ఫ్లోటేషన్ (ఖనిజాలను నురగతో తేల్చి వేరు చేయడం) చేసేవాళ్ల అనుమానం ముందుగా పైరోటైట్ అనే రాగి లేని ఇనుము సల్ఫైడ్ మీదికే పోతుంది. చాలాసార్లు ఆ అనుమానం నిజమవుతుంది కూడా. ఈ కేసులో కాలేదు. కాగితం మీద కనిపించిన పైరోటైట్‌లో చాలా భాగం నిజంగా అక్కడ లేదు. దాని స్థానంలో రాగి ఉన్న మరో సల్ఫైడ్ ఉంది, పేరు క్యూబనైట్. ఈ రెండింటి తేడా రసాయన విశ్లేషణకి అందదు. ఎందుకు అందదో, మేం ఎలా తేల్చామో, తేలాక డిజైన్ వాళ్లు ఏం మార్చుకోవాల్సి వచ్చిందో వివరంగా రాస్తున్నాను.

నాది ప్రాసెస్ మినరాలజీ పని. ముడిఖనిజంలో లోహం ఏ ఖనిజంలో ఉంది, ఎంత సైజు గింజల్లో ఉంది, దేనితో అతుక్కుని ఉంది అని చూసి మెటలర్జిస్టులకి చెప్పాలి. ఈ శాంపిళ్లు అమెరికాలోని ఉత్తర మిన్నెసోటా నుంచి వచ్చాయి. డులుత్ కాంప్లెక్స్ డ్రిల్ కోర్ (డ్రిల్ చేసి తీసిన రాతి కడ్డీలు), దాని మీద చేసిన బెంచ్ ఫ్లోటేషన్ టెస్టుల ఉత్పత్తులు. క్లయింట్ పేరు, వాళ్ల అస్సే (రసాయన విశ్లేషణ) అంకెలు ఇక్కడ పెట్టను, ఒప్పందం ఒప్పుకోదు. లెక్క అవసరమైన చోట శుద్ధ ఖనిజాల సూత్రాల నుంచి వచ్చే అంకెలే వాడతాను. పరమాణు భారాలు తెలిసిన ఎవరైనా వాటిని సరిచూసుకోవచ్చు.

ఫోన్ చేసిన మెటలర్జిస్ట్ మనవాడే, విజయనగరం వైపు కుర్రాడు. "అన్నా, సున్నం ఎంత పోసినా గ్రేడ్ కదలట్లేదు. రికవరీ మాత్రం పడిపోతోంది. కాన్సెంట్రేట్‌లో పైరోటైట్ ఎంతుందో చూసి చెప్పండి చాలు" అన్నాడు. రికవరీ, అంటే ముడిఖనిజంలోని రాగిలో కాన్సెంట్రేట్‌కి చేరే వాటా, పడిపోతోందన్న మాటే నాకు ముఖ్యంగా అనిపించింది. సున్నం వేసేది పైరోటైట్ తేలకుండా అణచడానికి. దానితో అణిగిపోయేది నిజంగా పైరోటైటే అయితే రాగి రికవరీ అంతగా దెబ్బతినకూడదు. మింగుడు పడేంత చిన్న నష్టం వేరు, వాడు చెప్పింది వేరు.

రాయి నేపథ్యం

సుమారు 110 కోట్ల సంవత్సరాల క్రితం ఉత్తర అమెరికా ఖండం మధ్యలో చీలిక మొదలైంది. ఖండం పూర్తిగా విడిపోకుండానే ఆ చీలిక ఆగిపోయింది గానీ, ఈలోపు బోలెడంత బసాల్ట్ మాగ్మా పైకి వచ్చింది. అందులో ఉపరితలానికి చేరకుండా లోపలే గడ్డకట్టిన భాగాల సముదాయమే డులుత్ కాంప్లెక్స్. ఎక్కువగా ట్రాక్టోలైట్, అంటే ప్లాజియోక్లేజ్, ఆలివిన్ కలిసిన ముదురు రాయి. ఈ మాగ్మా అడుగున ఉన్న వర్జీనియా ఫార్మేషన్ అనే పాత అవక్షేప శిలల్లో సల్ఫైడ్ ఉంది. మాగ్మా ఆ గంధకాన్ని లాక్కుంది. గంధకం మోతాదు మించాక కరిగిన సల్ఫైడ్ చుక్కలుగా వేరుపడి, మాగ్మాలో ఉన్న రాగి, నికెల్, ప్లాటినం వర్గపు లోహాలను తనలోకి తీసుకుంది. అందుకే ఇక్కడి ఖనిజీకరణ ఎక్కువగా ఇన్‌ట్రూజన్ (అలా లోపలే గడ్డకట్టిన రాయి) అడుగు భాగంలో, సిలికేట్ గింజల సందుల్లో చెదురుగా కనిపిస్తుంది.

ప్రధాన సల్ఫైడ్లు నాలుగు: పైరోటైట్, చాల్కోపైరైట్, క్యూబనైట్, పెంట్‌లాండైట్. నికెల్ పెంట్‌లాండైట్‌లో ఉంటుంది. ఈ వ్యాసానికి నికెల్ అంత అవసరం లేదు కాబట్టి దాన్ని పక్కన పెడదాం.

కరిగిన సల్ఫైడ్ చల్లబడేటప్పుడు ముందు ఇనుము, నికెల్ ఎక్కువగా ఉన్న ఘన ద్రావణం గడ్డకడుతుంది. మిగిలిన ద్రవంలో రాగి పెరుగుతూ పోయి, తర్వాత ఇంటర్మీడియట్ సాలిడ్ సొల్యూషన్ అనే ఒకే ఒక రాగి-ఇనుము-గంధకం దశగా మారుతుంది. వేడిగా ఉన్నంతసేపు అది ఒకటే. నెమ్మదిగా చల్లారేకొద్దీ ఆ కూర్పు నిలవలేక, రాగి ఎక్కువున్న చాల్కోపైరైట్, ఇనుము ఎక్కువున్న క్యూబనైట్ విడివిడిగా తేలతాయి. చాల్కోపైరైట్ లోపల సమాంతరంగా పరుచుకున్న క్యూబనైట్ పలకలు ఆ విడిపోవడానికి గుర్తు. డులుత్ లాంటి పెద్ద ఇన్‌ట్రూజన్ చాలా నిదానంగా చల్లారింది కాబట్టి అక్కడ క్యూబనైట్ పలకలే కాదు, మొత్తం గింజలే కనిపిస్తాయి.

మన దగ్గర రాగి ఖనిజం అంటే చాల్కోపైరైటే. ఖమ్మం వైపు మైలారం, వినుకొండ దగ్గర అగ్నిగుండాల శాంపిళ్లతో మైక్రోస్కోప్ నేర్చుకున్నవాళ్లకి క్యూబనైట్ అనేది పాఠ్యపుస్తకంలో ఒక పేరా మాత్రమే. దాని విడి స్ఫటికాలు అరుదు. మ్యూజియంలలో కనిపించే మంచి స్ఫటికాలు ఎక్కువగా కెనడాలో క్విబెక్ రాష్ట్రంలోని షిబుగమౌ ప్రాంతం నుంచి వచ్చినవే. అక్కడ కవల స్ఫటికాలు చుట్టూ తిరిగి ఆరు కోణాల నక్షత్రంలా పెరుగుతాయి. అదే కెనడాలోని సడ్‌బరీలో, రష్యాలోని నొరిల్స్క్‌లో మాత్రం ఇది ముడిఖనిజంలో భాగం, మైక్రోస్కోప్ కిందే చూడాలి.

ఖనిజం లక్షణాలు

క్యూబనైట్‌ని 1843లో జర్మన్ ఖనిజ శాస్త్రవేత్త ఆగస్ట్ బ్రైట్‌హాప్ట్ క్యూబాలోని బరాకనావో శాంపిళ్ల నుంచి వర్ణించాడు. తర్వాత 1902లో బ్రెజిల్ మోరో వెల్హో బంగారు గనిలో దొరికిన స్ఫటికాలకి చామర్సైట్ అని కొత్త పేరు పెట్టారు. అదీ ఇదీ ఒకటేనని తర్వాత తేలింది. పాత రిపోర్టులు చదివేవాళ్లకి ఆ రెండో పేరు తగలొచ్చు.

కూర్పు: ఒక రాగి పరమాణువుకి రెండు ఇనుము, మూడు గంధకం. బరువు ప్రకారం రాగి 23.4 శాతం, ఇనుము 41.2, గంధకం 35.4. చాల్కోపైరైట్‌లో రాగి 34.6 శాతం. మా కేసు మొత్తం ఈ రెండు రాగి అంకెల మధ్య తేడా చుట్టూనే తిరిగింది.

లోహపు మెరుపు, కంచుకీ ఇత్తడికీ మధ్య రంగు, మోస్ కాఠిన్యం సుమారు 3.5. స్ఫటిక వ్యవస్థ ఆర్థోరాంబిక్. సాంద్రత విషయంలో ఒక హెచ్చరిక. కొన్ని పట్టికల్లో 4.7 అని కనిపిస్తుంది. యూనిట్ సెల్ కొలతల నుంచి లెక్కిస్తే 4.0 దగ్గర వస్తుంది. మాడల్ మినరాలజీలో (ఏ ఖనిజం ఎంతుందో లెక్కించడంలో) వైశాల్యాన్ని బరువుగా మార్చేటప్పుడు సాఫ్ట్‌వేర్ లైబ్రరీలో 4.7 ఉండిపోతే క్యూబనైట్ బరువు ఆరోవంతు పెరిగిపోతుంది. మా లైబ్రరీలో సెల్ నుంచి లెక్కించిన విలువే పెట్టుకున్నాం.

రెండు లక్షణాలు దీన్ని మిగతా రాగి సల్ఫైడ్ల నుంచి వేరు చేస్తాయి. ఒకటి, ఇది అయస్కాంతానికి గట్టిగా అంటుకుంటుంది. చాల్కోపైరైట్ అంటుకోదు. రెండోది, వేడి. సుమారు 210 డిగ్రీల సెల్సియస్ దాటితే క్యూబనైట్ క్యూబిక్ రూపంలోకి మారిపోతుంది. ఈ రూపానికి 1988లో ఐసోక్యూబనైట్ అనే పేరు స్థిరపడింది. మళ్లీ చల్లార్చినా వెనక్కి క్యూబనైట్ కాదు, అయస్కాంత గుణం కూడా తిరిగి రాదు. సముద్రం అడుగున వేడి నీళ్లు చిమ్మే బ్లాక్ స్మోకర్లలో దొరికేది ఎక్కువగా ఐసోక్యూబనైటే, ఎందుకంటే అక్కడ సల్ఫైడ్ వేడిగా ఏర్పడి ఒక్కసారిగా చల్లని నీళ్లలో పడుతుంది.

ఈ వెనక్కి రాని మార్పు వల్ల క్యూబనైట్ ఒక ఉష్ణోగ్రత సాక్షిగా పనికొస్తుంది. నాసా స్టార్‌డస్ట్ మిషన్ వైల్డ్ 2 తోకచుక్క ధూళిని 2006 జనవరిలో భూమికి తెచ్చింది. అరిజోనా యూనివర్సిటీ బృందం 2011లో అందులో క్యూబనైట్ ఉందని ప్రకటించింది. 1864లో ఫ్రాన్స్‌లో పడిన ఒర్గేల్ ఉల్కలో కూడా ఇదే ఖనిజం ఉంది. ఆ ధూళి 210 డిగ్రీలు దాటి వేడెక్కలేదని, తక్కువ వేడిలో ద్రవరూపంలో ఉన్న నీటితో ఆ సల్ఫైడ్లు ఏర్పడి ఉండాలని దాని ఆధారంగా చెప్పారు. తోకచుక్క అంటే ఎప్పుడూ గడ్డకట్టిన మంచే అనుకున్నవాళ్లకి అది పెద్ద వార్తే. నాకు మాత్రం దాని వల్ల శాంపిల్ తయారీలో వేడి గురించి మరింత భయం పట్టుకుంది. దాని గురించి కింద చెప్తాను.

లెక్క ఎక్కడ మోసం చేస్తుంది

క్యూబనైట్ సూత్రాన్ని విడదీసి చూడండి. ఒక చాల్కోపైరైట్ యూనిట్ తీసేస్తే మిగిలేది ఒక ఇనుము, ఒక గంధకం. అది ట్రాయిలైట్, అంటే పైరోటైట్ కుటుంబంలో ఇనుము పూర్తిగా నిండిన రూపం. చాల్కోపైరైట్, ట్రాయిలైట్ సమాన సంఖ్యలో కలిపిన పొడిని, స్వచ్ఛమైన క్యూబనైట్ పొడిని అస్సే ల్యాబ్‌కి పంపితే ఒకే జవాబు వస్తుంది. యాసిడ్‌లో కరిగించాక ఆ రాగి ఏ ఖనిజం నుంచి వచ్చిందో చెప్పే ఆనవాలు ఉండదు.

ఫ్లోటేషన్ టీములు అస్సేని ఖనిజాలుగా మార్చడానికి ఒక సులువైన పద్ధతి వాడతాయి. రాగి అంతా చాల్కోపైరైట్‌కి, నికెల్ అంతా పెంట్‌లాండైట్‌కి, మిగిలిన గంధకం పైరోటైట్‌కి. చాలా గనుల్లో ఇది బాగానే పనిచేస్తుంది. డులుత్‌లో పనిచేయదు. సగం చాల్కోపైరైట్, సగం క్యూబనైట్ ఉన్న, ఇంకేమీ కలవని కాన్సెంట్రేట్ ఊహించుకోండి. రాగి 29.0 శాతం. పై పద్ధతి దీన్ని చాల్కోపైరైట్ 83.8 శాతం, పైరోటైట్ 16.2 శాతం అని చూపిస్తుంది. ఆ 16 శాతం తీసేస్తే గ్రేడ్ 34.6 దాకా పోవచ్చని మెటలర్జిస్ట్‌కి ఆశ పుడుతుంది. నిజానికి అక్కడ తీసేయడానికి పైరోటైట్ ఒక్క గింజ కూడా లేదు.

పూర్తిగా క్యూబనైటే అయితే ఇంకా ఘోరం. కాగితం మీద మూడో వంతు, కచ్చితంగా 32.4 శాతం, పైరోటైట్ అని వస్తుంది.

ఇనుముకీ గంధకానికీ ఉన్న నిష్పత్తితో పట్టుకోవచ్చు కదా అని ఒకరు అడిగారు. మామూలు పైరోటైట్‌లో ఇనుము కొంచెం తక్కువగా ఉంటుంది కాబట్టి సిద్ధాంతపరంగా తేడా రావాలి. కానీ కాన్సెంట్రేట్‌లో కొద్దిగా ఆలివిన్, పైరాక్సిన్ ఎప్పుడూ ఉంటాయి. వాటిలోని ఇనుము కూడా అస్సేలో కలిసిపోతుంది. పైగా డులుత్‌లో ట్రాయిలైట్ కూడా నిజంగానే దొరుకుతుంది. అందుకని ఆ దారి నేను మొదట్లోనే వదిలేశాను.

శాంపిల్ తయారీ

పాలిష్డ్ బ్లాకులకి (మైక్రోస్కోప్ కోసం రెసిన్‌లో పోసి నునుపు చేసే శాంపిళ్లు) హాట్ మౌంటింగ్ ప్రెస్ వాడొద్దని మొదటి రోజే చెప్పాను. ఆ ప్రెస్ మామూలుగా 150 నుంచి 180 డిగ్రీల మధ్య పనిచేస్తుంది. 210 కన్నా తక్కువే కదా అనొచ్చు. కంట్రోలర్ చూపించే అంకె అచ్చు గోడ దగ్గరది, దాన్ని నమ్మి ఒక శాంపిల్‌ని పణంగా పెట్టాల్సిన పని లేదు. చల్లగా గట్టిపడే ఎపాక్సీతో వాక్యూమ్‌లో పోశాం. ఒక రాత్రి ఆలస్యం అవుతుంది, అంతే.

ఎక్స్‌రే డిఫ్రాక్షన్ (స్ఫటిక నిర్మాణాన్ని బట్టి ఖనిజాన్ని గుర్తించే పద్ధతి) కోసం పొడి చేయడానికి కూడా రింగ్ మిల్ పక్కన పెట్టి, ఆల్కహాల్‌లో తడిపి రుబ్బే మైక్రోనైజింగ్ మిల్ వాడాం. పొడిగా రుబ్బితే వేడే కాకుండా సల్ఫైడ్ ఉపరితలం ఆక్సీకరణ చెందుతుంది, క్యూబనైట్ పీక్‌లు మొద్దుబారతాయి. ఎండబెట్టడం తక్కువ వేడిలోనే. ఫ్లోటేషన్ ల్యాబ్‌లో ఓవెన్ ఎంత వేడి మీద పెడుతున్నారో కూడా కనుక్కున్నాం. త్వరగా ఆరాలని కొందరు దాన్ని ఎక్కువ వేడికి తిప్పేస్తారు, అది అనుభవంలో ఉన్న విషయం.

మైక్రోస్కోప్ కింద

రిఫ్లెక్టెడ్ లైట్‌లో చాల్కోపైరైట్ పసుపు. దాని పక్కన క్యూబనైట్ వెలిసిన మీగడ రంగులో, కొంచెం గులాబీ-బూడిద జీర కలిసి కనిపిస్తుంది. విడిగా చూస్తే పైరోటైట్ అని పొరబడటం చాలా తేలిక. పైరోటైట్‌లో గులాబీ-గోధుమ ఛాయ ఇంకా చిక్కగా ఉంటుంది, పాలిష్ చేశాక పక్క గింజల కన్నా కాస్త ఎత్తుగా నిలుస్తుంది. క్యూబనైట్, చాల్కోపైరైట్ కాఠిన్యం దగ్గర దగ్గర కాబట్టి వాటి మధ్య సరిహద్దులో ఆ మెట్టు ఉండదు. నికోల్స్ (కాంతిని ఒక దిశకి పరిమితం చేసే పోలరైజర్లు) అడ్డం పెట్టి స్టేజ్ తిప్పితే చాల్కోపైరైట్ దాదాపు చీకటిగా ఉండిపోతుంది, క్యూబనైట్ మాత్రం ప్రతి తిప్పుకీ వెలిగి ఆరుతుంది. పైరోటైట్ కూడా అలాగే వెలుగుతుంది, కాబట్టి ఆ ఒక్క పరీక్ష చాలదు. రంగు, ఎత్తు, ఆకారం మూడూ కలిపి చూడాలి.

ఆకారమే నాకు ఎక్కువ నమ్మకం ఇస్తుంది. చాల్కోపైరైట్ గింజ లోపల తిన్నని అంచులున్న పలకలు ఒకే దిశలో, లేదా రెండు మూడు దిశల్లో కోణం పెట్టుకుని పరుచుకుని ఉంటే అది క్యూబనైటే. మొదటి బ్లాక్‌లోనే అవి కనిపించాయి. కొన్నిచోట్ల పలకలు ఎంత వెడల్పుగా ఉన్నాయంటే, క్యూబనైట్‌లో చాల్కోపైరైట్ పలకలు ఉన్నాయని తిరగేసి చెప్పాల్సి వచ్చింది. విడి క్యూబనైట్ గింజలూ ఉన్నాయి. పైరోటైట్ కూడా ఉంది. కానీ మెటలర్జీ టీము లెక్కలో చూపినంత లేదు.

రెండో అభిప్రాయంగా ఎక్స్‌రే డిఫ్రాక్షన్. చాల్కోపైరైట్ ప్రధాన గీత 3.04 ఆంగ్‌స్ట్రామ్‌ల దగ్గర, క్యూబనైట్‌ది 3.22 దగ్గర వస్తుంది. కాపర్ ట్యూబ్‌తో చూస్తే 29.4, 27.7 డిగ్రీలు. చూడటానికి తేలికగా విడిపోయే జంట. కానీ ప్లాజియోక్లేజ్ బలమైన గీత కూడా 3.18 నుంచి 3.21 మధ్యే పడుతుంది, ట్రాక్టోలైట్ నిండా ప్లాజియోక్లేజే. ఫీడ్ శాంపిల్‌లో క్యూబనైట్ గీత దాని నీడలో మునిగిపోతుంది. కాన్సెంట్రేట్‌లో ఫెల్డ్‌స్పార్ తగ్గిపోతుంది కాబట్టి అక్కడ నమ్మొచ్చు, అప్పుడు కూడా 1.75 దగ్గర ఉన్న గీతతో సరిచూసుకోవాలి. ఇంకోటి, ఇనుము ఇంత ఉన్న శాంపిల్‌ని కాపర్ ట్యూబ్‌తో కొడితే ఫ్లోరెసెన్స్ వల్ల బ్యాక్‌గ్రౌండ్ లేచిపోతుంది. కోబాల్ట్ ట్యూబ్ ఉంటే అదే వాడండి.

ఒక ముతక గింజని బైనాక్యులర్ కింద ఏరి, గాలి తీసేసిన గాజు గొట్టంలో మూసి 210 డిగ్రీలు బాగా దాటేలా వేడి చేశాం. వేడికి ముందు అయస్కాంతానికి ఎగిరి అంటుకున్న గింజ, తర్వాత కదల్లేదు. 3.22 గీత పోయింది, చాల్కోపైరైట్ గీత పక్కన క్యూబిక్ రూపం గీత వచ్చి చేరింది. మోనోక్లినిక్ పైరోటైట్ (అయస్కాంతానికి అంటుకునే రకం) గింజ అయితే చల్లారాక మళ్లీ అంటుకునేది. ఈ పరీక్షకి పెద్ద ఖర్చు లేదు. మీటింగ్‌లో ఎదురుగా చేసి చూపిస్తే వంద స్లైడ్ల కన్నా బాగా అర్థమవుతుంది.

ఆటోమేటెడ్ స్కాన్ చెప్పే రెండు అబద్ధాలు

పరిమాణం చెప్పాలంటే వేల గింజలు చూడాలి, అది ఎలక్ట్రాన్ మైక్రోస్కోప్ మీద నడిచే ఆటోమేటెడ్ మినరాలజీ పని. ఈ కేసులో నా సమయం ఎక్కువగా పోయింది ఇక్కడే.

ఎలక్ట్రాన్ కిరణం తగిలిన చోట ఎక్స్‌రేలు వచ్చే పరిధి సల్ఫైడ్లలో ఇంచుమించు ఒక మైక్రాన్, వోల్టేజిని బట్టి ఇంకొంచెం ఎక్కువ. చాల్కోపైరైట్, పైరోటైట్ కలిసే సరిహద్దు మీద కిరణం పడితే రెండింటి స్పెక్ట్రమ్ కలిసిపోతుంది. చాల్కోపైరైట్ ఇంచుమించు రెండు వంతులు, పైరోటైట్ ఒక వంతుగా కలిసినప్పుడు అది అచ్చం క్యూబనైట్ స్పెక్ట్రమే. అంటే మామూలు చాల్కోపైరైట్-పైరోటైట్ ముడిఖనిజంలో కూడా యంత్రం క్యూబనైట్ ఉందని చెప్తుంది, ప్రతి సరిహద్దు వెంట సన్నని గీతలా. ఇది మొదటి అబద్ధం.

రెండోది దీనికి తిరగబడి ఉంటుంది. చాలా ల్యాబుల లైబ్రరీలో క్యూబనైట్‌కి విడి ఎంట్రీ ఉండదు, లేదా చాల్కోపైరైట్ పరిమితులు ఎంత వదులుగా పెడతారంటే ఇనుము ఎక్కువున్నవన్నీ అందులోకే పోతాయి. అప్పుడు నిజమైన క్యూబనైట్ మొత్తం చాల్కోపైరైట్‌గా రిపోర్టులో చేరుతుంది. ఈ శాంపిళ్ల మీద మా కన్నా ముందు వేరే ల్యాబ్ ఇచ్చిన రిపోర్టులో జరిగింది అదే. ఖనిజాల పట్టికలో రాగి అంతా చాల్కోపైరైట్, అస్సేతో సరిపెట్టడానికి పైరోటైట్ పెంచి చూపించారు. ఆ పట్టిక చూసిన మెటలర్జిస్టుకి అనుమానం రావడానికి కారణమే లేదు.

మేం ఏం చేశామంటే, ముందు ఆప్టికల్‌లో గుర్తుపట్టిన గింజల మీద ఎలక్ట్రాన్ ప్రోబ్‌తో కచ్చితమైన కూర్పు తీసి ఆ మూడు ఖనిజాలకీ లైబ్రరీ ఎంట్రీలు కొత్తగా కట్టాం. తర్వాత క్యూబనైట్‌గా వచ్చిన ప్రతి పిక్సెల్ గుంపుని వెడల్పుని బట్టి వేరు చేశాం. చాల్కోపైరైట్-పైరోటైట్ సరిహద్దుకి అంటుకుని రెండు మూడు పిక్సెళ్ల కన్నా సన్నగా ఉన్నవాటిని సరిహద్దు దోషంగా లెక్కించి పక్క ఖనిజాలకి పంచేశాం. పైరోటైట్‌ని తాకకుండా చాల్కోపైరైట్ మధ్యలో ఉన్నవాటిని ఎంత సన్నగా ఉన్నా ఉంచాం. చివర్లో ఆటోమేటెడ్ చిత్రాన్ని అదే గింజ ఆప్టికల్ ఫొటో పక్కన పెట్టి కంటితో సరిచూశాం. విసుగు పుట్టించే పని, కానీ దీన్ని దాటేస్తే మొదటి అబద్ధానికి బదులు రెండోది రిపోర్ట్ చేసినట్టే.

ఫలితం: కాన్సెంట్రేట్‌లో రాగి రెండు ఖనిజాల మధ్యా పంచుకుని ఉంది, కొన్ని డ్రిల్ హోళ్ల శాంపిళ్లలో క్యూబనైట్ వాటా చాల్కోపైరైట్‌ని మించింది. నిజమైన పైరోటైట్ కొద్దిగా, అదీ ఎక్కువగా రాగి ఖనిజంతో అతుక్కుని వచ్చిందే. ఎక్స్‌రే లెక్క, స్కాన్ లెక్క, రాగి అస్సే మూడూ ఒకదానితో ఒకటి సరిపోయాయి.

టెస్టుల్లో జరిగింది ఇప్పుడు అర్థమైంది

సున్నం సంగతి. పీహెచ్ పెంచితే పైరోటైట్ అణుగుతుంది, నిజమే. కానీ క్యూబనైట్‌లో రాగి కన్నా ఇనుము రెట్టింపు. క్షారంలో దాని ఉపరితలం మీద కూడా ఇనుము హైడ్రాక్సైడ్లు పేరుకుంటాయి, జాంతేట్ (ఖనిజాన్ని నురగకి అంటుకునేలా చేసే రసాయనం) పట్టు సడలుతుంది. క్లీనర్‌లో (కాన్సెంట్రేట్‌ని మళ్లీ తేల్చి శుద్ధి చేసే దశ) సున్నం పెంచిన కొద్దీ టెయిల్స్‌లోకి (పారేసే భాగంలోకి) పోయింది ఎక్కువగా క్యూబనైటే. గ్రేడ్ పిసరంత పెరిగినట్టు కనిపించింది కూడా, ఎందుకంటే తక్కువ రాగి ఉన్న రాగి ఖనిజాన్ని పారేశాం. దాన్ని మెరుగుదల అనడానికి నాకు నోరు రాదు.

రీగ్రైండ్ (మళ్లీ నూరడం) కూడా చేసి చూశారట. చాల్కోపైరైట్, క్యూబనైట్ పలకల్ని విడగొట్టాలంటే చాలా మెత్తగా నూరాలి, విడగొట్టినా లాభం లేదు. రెండూ కాన్సెంట్రేట్‌లో ఉండాల్సినవే.

అన్నిటికన్నా ప్రమాదకరమైన ఆలోచన తర్వాతి దశకి అనుకున్నది: పైరోటైట్ తీసేయడానికి మాగ్నెటిక్ సెపరేటర్. ఇతర నికెల్ గనుల్లో ఇది మామూలే. ఇక్కడ అయస్కాంతానికి బాగా అంటుకునేవి మాగ్నెటైట్, మోనోక్లినిక్ పైరోటైట్, వాటితో పాటు క్యూబనైట్. డులుత్‌లో పైరోటైట్ కొంత హెక్సాగోనల్ రకం, కొంత ట్రాయిలైట్, ఇవి సరిగా అంటుకోవు. సెపరేటర్ పెడితే తీసేయాల్సిన పైరోటైట్‌లో కొంత కాన్సెంట్రేట్‌లోనే ఉండిపోతుంది, ఉంచుకోవాల్సిన రాగి టెయిల్స్‌కి పోతుంది. ఒక చిన్న హ్యాండ్ మాగ్నెట్ టెస్ట్ చేసి, అంటుకున్న భాగాన్ని అస్సేకి పంపమని అడిగాం. రాగి వచ్చింది, సెపరేటర్ కొటేషన్ పక్కన పెట్టేశారు.

మేం ఇచ్చిన సలహా

గ్రేడ్ టార్గెట్‌ని మార్చండి అన్నాం. మొదట్లో ఎవరికీ నచ్చలేదు, లొంగిపోయినట్టు ఉంటుంది కాబట్టి. కానీ టార్గెట్ అనేది ఖనిజాలు ఒప్పుకునే దాన్ని బట్టే ఉండాలి. రాగి సల్ఫైడ్ల బరువులో 30 శాతం చాల్కోపైరైట్, 70 శాతం క్యూబనైట్ అయితే అవి రెండే ఉన్నప్పుడు కూడా గ్రేడ్ 26.8 దాటదు. పదో వంతు ఇతర ఖనిజాలు కలిస్తే 24.1. నిష్పత్తి తిరగబడి 70 చాల్కోపైరైట్ అయితే అదే పదో వంతు మలినంతో 28.1 దాకా వస్తుంది. రెండిట్లోనూ ఫ్లోటేషన్ పనితనం ఒకటే. మామూలుగా స్మెల్టర్లు (కాన్సెంట్రేట్‌ని కరిగించి లోహం తీసే ఫ్యాక్టరీలు) 20 నుంచి 30 శాతం మధ్య కొనుక్కుంటాయి కాబట్టి ఈ అంకెలేవీ అమ్ముకోలేనివి కావు.

కాబట్టి ప్రతి టెస్టుకీ గ్రేడ్‌తో పాటు ఇంకో అంకె రాయమన్నాం: ఆ శాంపిల్ క్యూబనైట్ నిష్పత్తి ప్రకారం సాధ్యమయ్యే గరిష్ఠ గ్రేడ్‌లో ఎంత శాతం వచ్చింది. ఈ ఒక్క మార్పుతో పాత టెస్టులు కొన్ని చెడ్డవి అనుకున్నవి మంచివిగా, మంచివి అనుకున్నవి రెండు మూడు చెడ్డవిగా మారాయి. సున్నం ఎక్కువ వేసి గ్రేడ్ గెలిచినవే ఆ చెడ్డవి.

జియాలజిస్టులకి వేరే పని పడింది. క్యూబనైట్ నిష్పత్తి డ్రిల్ హోల్‌కీ హోల్‌కీ మారుతోంది కాబట్టి దాన్ని బ్లాక్ మోడల్‌లో (నిక్షేపాన్ని గడులుగా విడదీసిన కంప్యూటర్ నమూనా) ఒక లక్షణంగా చేర్చాలి. లేకపోతే గని ఒక మూల నుంచి ఇంకో మూలకి వెళ్లగానే గ్రేడ్ పడిపోతుంది, ప్లాంట్‌లో షిఫ్ట్ వాళ్లకి టెన్షన్ మొదలవుతుంది, మళ్లీ సున్నం గేటు తిప్పుతారు. చేతిలో కోర్ పట్టుకుని రంగు చూసి క్యూబనైట్ లాగ్ చేయమనడం అన్యాయం, అంత చిన్న గింజల్లో కంచు రంగు ఎవరికీ కచ్చితంగా తెలియదు. అందుకే మోడల్ కోసం ఎంపిక చేసిన శాంపిళ్ల మీద స్కాన్ చేయించడమే దారి అన్నాం.

మార్కెటింగ్ వాళ్లకి ఒక పేజీ రాసిచ్చాను. ఒక టన్ను రాగి చాల్కోపైరైట్‌గా వెళితే 2.9 టన్నుల ఖనిజం మోయాలి, క్యూబనైట్‌గా వెళితే 4.3 టన్నులు. ఆ టన్ను రాగి వెంట వచ్చే ఇనుము 0.88 టన్ను నుంచి 1.76కి, గంధకం 1.01 నుంచి 1.51కి పెరుగుతుంది. ఇనుము స్లాగ్ అవుతుంది, గంధకం సల్ఫర్ డయాక్సైడ్ అయి యాసిడ్ ప్లాంట్‌కి పోతుంది. రవాణా ఖర్చు, స్మెల్టర్‌తో ధర మాట్లాడుకోవడం రెండింట్లోనూ ఇది కనిపిస్తుంది. ఫ్లోటేషన్‌లో ఎంత కష్టపడ్డా ఈ అంకెలు మారవు, ముందే ఆర్థిక మోడల్‌లో పెట్టుకోవాలి.

మా విజయనగరం కుర్రాడు తర్వాతి రౌండ్ టెస్టుల్లో క్లీనర్ పీహెచ్ తగ్గించాడు. రాగి రికవరీ వెనక్కి వచ్చింది, నిజమైన పైరోటైట్ కొంచెం పెరిగింది. దాన్ని విడిగా అణచడానికి ఏ రియేజెంట్ వాడాలన్నది వాళ్లింకా చూస్తున్నారు. మాకు మాత్రం ప్రతి కాన్సెంట్రేట్‌లోంచి ఒక కోల్డ్ మౌంట్ బ్లాక్ పంపుతున్నారు.